వెండితెర వెనక గని కూలీ

(ఫిల్మ్‌నగర్ బస్తీలో సినిమా కార్మికులు, రాళ్ళు కొట్టే కార్మికుల కుటుంబాలు కూడిన సభలో ఒక ఉపాధ్యాయుడు చేసిన ప్రసంగానికి రాత రూపం)

జై భీమ్!

పొద్దంతా పని చేసి అలసిపోయి కూడా ఈ రాత్రి పూట ఇక్కడికొచ్చి కూర్చున్న అన్నలారా, అక్కలారా, తమ్ముళ్ళారా, చెల్లెళ్ళారా!

ఈ సభ పెట్టిన కుర్రవాళ్ళు నన్ను "సినిమా గురించి నాలుగు మాటలు చెప్పండి సార్" అని అడిగారు. నేను బడిపంతుల్ని. మాది చిత్తూరు జిల్లా, కుప్పం పక్క పల్లె. సినిమా గురించి నాకంటే మీకే ఎక్కువ తెలుసు. లైట్లు మోసేది మీరు, సెట్టు వేసేది మీరు, సెట్టు ఊడ్చేది మీరు, గుంపులో నిలబడమంటే నిలబడేది మీరు. అందుకని నాకు తెలిసిన ఒక్క సంగతే చెప్తాను. సినిమాను వెండితెర అంటాం కదా. ఆ వెండి ఎక్కడిది? దాన్ని భూమిలోంచి తవ్వి తీసినవాళ్ళు ఎవరు? వాళ్ళు ఎట్లా బతికారు, ఎట్లా చచ్చారు? ఈ రాత్రి ఈ మూడు ప్రశ్నలకు జవాబు వెతుకుదాం.

ఫిల్ములో ఏముండేది?

పాత రోజుల్లో తెర మీద బొమ్మ బాగా మెరవాలని తెరకు వెండి రంగు పూసేవాళ్ళు. ఆ పేరు అట్లా వచ్చింది. అంతకంటే పెద్ద సంగతి ఇంకోటి ఉంది. డిజిటల్ కెమెరాలు రాకముందు సినిమా అంతా ఫిల్ము మీదే తీసేవాళ్ళు. ఆ ఫిల్ము మీద ఒక పూత ఉండేది. ఆ పూతలో ఉండేది వెండి ఉప్పు. వెలుగు తగిలిన చోట ఆ ఉప్పు మారిపోతుంది, ల్యాబులో కడిగితే అక్కడ సన్నని వెండి రేణువులు మిగులుతాయి. బ్లాక్ అండ్ వైట్ సినిమాలో మనం చూసిన నలుపంతా ఆ వెండి రేణువుల నలుపే. రంగుల సినిమా వచ్చాక వెండిని ల్యాబులోనే కడిగేసి, ఆ నీళ్ళలోంచి మళ్ళీ వెండి తీసేవాళ్ళు. పాత రీళ్ళను తూకానికి అమ్మితే కొనుక్కునేవాళ్ళు కూడా ఆ వెండి కోసమే కొన్నారు. మన దేశంలో మూకీ సినిమాలు చాలావాటికి ఇవాళ ఒక్క రీలు కూడా మిగల్లేదంటే దానికి ఇది కూడా ఒక కారణం.

మరి ఆ వెండి ఉప్పును ఫిల్ముకు అంటించింది ఏమిటి? జిలాటిన్ అనే జిగురు. అది గొడ్డు తోలు నుంచి, ఎముకల నుంచి తీసిన జిగురు. ఇక్కడ ఒక్క నిమిషం ఆగి ఆలోచించండి. మన పెద్దలు చచ్చిన గొడ్డును మోసుకొచ్చి తోలు తీస్తే వాళ్ళు అంటరానివాళ్ళయ్యారు. ఊరి బావి దగ్గరికి రానియ్యలేదు. అదే తోలు, అదే ఎముక జిగురై, ఫిల్మయి, రాముడి బొమ్మయి, కృష్ణుడి బొమ్మయి తెర మీదికొస్తే ఊరు ఊరంతా టెంకాయ కొట్టి హారతి పట్టింది. తోలుకు అంటు లేదు, బొమ్మకు అంటు లేదు, తోలు తీసిన మనిషికి మాత్రం అంటు!

తోలు సంగతి అది. ఇంక వెండి సంగతికి వస్తాను.

మూడు గనులు, ఒకటే కూలీ

ప్రపంచంలో వెండి ఎక్కువగా మెక్సికో, బొలీవియా లాంటి దేశాల గనుల నుంచి వచ్చింది. బొలీవియాలో పొటోసి అనే కొండ ఉంది. స్పెయిన్ దొరలు అక్కడి ఆదివాసులను వంతులేసి బలవంతంగా ఆ కొండలోకి దించారు. వందల ఏళ్ళు అట్లా నడిచింది. అది దూరం దేశం అనుకుంటాం. మన దేశంలో ఏం జరిగిందో చూడండి.

ఇరవయ్యో శతాబ్దం మొదట్లో బ్రిటిష్ సర్కారు వాళ్ళు ఏటా ఖనిజాల లెక్క రాసుకునేవాళ్ళు. అందులో వెండి పద్దు కింద కనిపించే పేర్లలో ముఖ్యమైనవి మూడు. ఒకటి బర్మాలోని బాడ్విన్ గని. బర్మా అప్పుడు బ్రిటిష్ ఇండియాలోనే ఉండేది, 1937లో వేరు చేశారు. రెండోది మైసూరు రాజ్యంలోని కోలారు బంగారు గనులు. మూడోది మన అనంతపురం సీమలోని రామగిరి గనులు. ఇప్పుడది శ్రీ సత్యసాయి జిల్లా. కోలారులో, రామగిరిలో తవ్వింది బంగారమే, కానీ ఆ బంగారంతో కలిసి కొంత వెండి కూడా ఉంటుంది. శుద్ధి చేసినప్పుడు అది విడిగా వస్తుంది.

బాడ్విన్ మాత్రం అచ్చమైన వెండి, సీసం గని. షాన్ కొండల్లో ఉంది. చైనా వాళ్ళు అయిదారు వందల ఏళ్ళ కిందటే అక్కడ వెండి తీశారు. తర్వాత తెల్ల కంపెనీ వచ్చింది. ఆ కంపెనీలో పెద్ద వాటాదారు హెర్బర్ట్ హూవర్. ఆయనే తర్వాత 1929లో అమెరికా అధ్యక్షుడయ్యాడు. 1920ల చివర్లో ఆ గని ఏడాదికి 70 లక్షల ఔన్సులకు అటూ ఇటూ వెండి ఇచ్చింది. అప్పట్లో ప్రపంచంలోనే పెద్ద వెండి గనుల్లో అది ఒకటి.

ఆ బర్మా సరుకు బయటి దేశాలకు పోవాలంటే రంగూన్ రేవు దాటాలి. రంగూన్ రేవులో మూటలు మోసింది ఎవరు? మన తెలుగు కూలీలు. గంజాం, విశాఖ, గోదావరి జిల్లాల నుంచి ఓడలెక్కి పోయిన వాళ్ళు. కాకినాడ దగ్గర కోరంగి రేవు పేరు మీద వాళ్ళందర్నీ అక్కడ "కోరంగీలు" అని పిలిచారు. గౌరవంగా పిలిచిన పిలుపు కాదది, తిట్టులాగా వాడారు. ఓడ మీద సరుకు దించడం, బియ్యం మిల్లుల్లో మోయడం, రంగూన్ వీధులు ఊడ్చడం, పాయఖానాలు ఎత్తడం, ఇవీ వాళ్ళ పనులు. బర్మా పోతే కులం పోతుందనుకున్నారు. చీపురు మాత్రం వాళ్ళ కంటే ముందే ఓడ దిగింది.

కోలారు: భూమి లోపలి మాల, మాదిగ పల్లె

ఇంక మా సీమ సంగతి చెప్తాను. కోలారు గనులు మా కుప్పానికి పక్కనే. మైఖేల్ లావెల్ అనే ఐరిష్ మాజీ సైనికుడు 1870లలో మైసూరు సర్కారు దగ్గర తవ్వకం హక్కు తీసుకున్నాడు. 1880లో లండన్ వాళ్ళది జాన్ టేలర్ అండ్ సన్స్ కంపెనీ దిగింది. మైసూర్ మైన్, చాంపియన్ రీఫ్, ఊరిగాం, నందిదుర్గ్ అని గనులు లేచాయి. 1905లో ఒక్క ఏడాదిలో తీసిన బంగారం 6 లక్షల ఔన్సులు దాటింది. లాభం లండన్‌లో పంచుకున్నారు, రాయల్టీ మైసూరు మహారాజు తీసుకున్నాడు.

గనిలోకి దిగింది ఎవరు? ఉత్తర ఆర్కాటు, సేలం, చిత్తూరు ప్రాంతాల మాలలు, మాదిగలు, తమిళ పరయర్లు. కంపెనీ లెక్కల్లో "ఉత్తర ఆర్కాటు" అని రాసి ఉంటే వాళ్ళందరూ తమిళులే అనుకుంటారు. 1911లో చిత్తూరు జిల్లా ఏర్పడేదాకా మా పలమనేరు, కుప్పం, చిత్తూరు అన్నీ ఉత్తర ఆర్కాటులోనే ఉండేవి. ఆ లెక్కలో మా తెలుగు పల్లెల వాళ్ళు కూడా కలిసిపోయి ఉన్నారు. మా జేజినాయన వాళ్ళ నాయన కూడా ఆ లెక్కలోని ఒక అంకెనే.

ఎందుకు పోయారు? 1876–78 కరువులో పల్లెల్లో మన వాళ్ళు ఈగల్లాగా రాలిపోయారు. తర్వాత కూడా భూమి లేదు, పాలేరుతనం ఉంది, తీరని అప్పు ఉంది. గనిలో కూలి డబ్బు రూపంలో చేతికొచ్చేది. రెడ్డి గడప ముందు చెప్పులు విడిచి నిలబడాల్సిన పని లేదు. అందుకే పోయారు. చావు ఉందని తెలిసే పోయారు. ఊళ్ళో బతికేదానికంటే గనిలో చచ్చేది మేలనిపించే పరిస్థితి ఎవరు కల్పించారో అది కూడా ఆలోచించాలి.

పని ఎట్లా ఉండేదో చెప్తాను వినండి. కూలీని కంపెనీ నేరుగా పెట్టుకునేది తక్కువ. మధ్యలో కాంట్రాక్టరు, మేస్త్రీ. కూలి వాళ్ళ చేతుల మీదుగా రావాలి. ఇనప బోనులో నిలబెట్టి లోపలికి దించుతారు. కింద పలుగురాయి. సుత్తి, జంపరుతో బెజ్జం కొట్టాలి, తర్వాత తర్వాత గాలి మిషన్లు వచ్చాయి. బెజ్జంలో మందు కూరి పేలుస్తారు. పొగ పోయీ పోకముందే లోపలికి పోయి రాళ్ళు టబ్బుల్లోకి ఎత్తాలి, తోసుకుపోవాలి. లోపలికి పోయేకొద్దీ రాయి కాలతా ఉంటుంది. చాంపియన్ రీఫ్ గని చివరికి 3 కిలోమీటర్ల లోతు దాటింది. ఆ లోతులో రాయి వేడి 65 డిగ్రీలు దాటి ఉంటుంది. మన ఎండాకాలం 45 డిగ్రీలకే మనం అల్లాడిపోతాం.

ఇంకో భయం ఉండేది. చుట్టూ తవ్వేస్తే మిగిలిన రాయి మీద బరువు పడి, ఒక్కసారిగా ఫిరంగి పేలినట్టు రాయి చిట్లుతుంది. రాక్‌బర్స్ట్ అంటారు. పైన ఇళ్ళల్లో సామాను అదిరేది. ఆ చప్పుడు వినగానే ఆడవాళ్ళు పొయ్యి మీద కుండ వదిలేసి షాఫ్టు దగ్గరికి పరిగెత్తేవాళ్ళు. బోను పైకి వచ్చేదాకా ఎవరి మొగుడు బతికాడో, ఎవరి కొడుకు పోయాడో తెలిసేది కాదు.

ఇళ్ళు అంటే తడికె గుడిసెలు, వరసగా లైన్లు. 1902లో కావేరి మీద శివనసముద్రం దగ్గర కరెంటు పుట్టించి, వంద మైళ్ళకు దగ్గర దూరం తీగలు లాగి కోలారు గనులకు తెచ్చారు. బెంగళూరుకు కరెంటు వచ్చింది 1905లో, దానికంటే ముందే గనికి వచ్చింది. ఆసియాలోనే గొప్ప అని ఇప్పటికీ పుస్తకాల్లో రాస్తారు. ఆ కరెంటు తెచ్చింది యంత్రాలు నడపడానికే, తడికె గుడిసెలో దీపం పెట్టడానికి తేలేదు.

కులం గని లోపల కూడా ఉంది, దాని పైన రంగు కులం ఇంకోటి. అందరికంటే పైన ఇంగ్లండు కార్న్‌వాల్ నుంచి వచ్చిన తెల్ల మైనర్లు. తర్వాత ఇటలీ వాళ్ళు. తర్వాత ఆంగ్లో ఇండియన్లు. అందరికంటే అడుగున మనవాళ్ళు. దొరలకు బంగళా, క్లబ్బు, గోల్ఫ్ మైదానం ఉన్నాయి. మనవాళ్ళకు షిఫ్టు అయ్యాక బట్టలు విప్పించి సోదా! బంగారం దొంగిలిస్తారని అనుమానం. గని చట్టం ఎట్లా చేశారంటే ఎవరి దగ్గరైనా బంగారం రాయి దొరికితే అది దొంగతనం కాదని ఆ కూలీనే రుజువు చేసుకోవాలి. రాత్రిపూట పోలీసులు లైన్ల మీద పడి గుడిసెలు వెదికేవాళ్ళు. టన్నులకు టన్నులు ఓడల్లో ఎత్తుకుపోయినవాడు కంపెనీ యజమాని. గోరంత రాయి దాచుకున్నాడనే అనుమానం ఉన్నవాడు దొంగ!

దుమ్ము తిన్న ఊపిరితిత్తులు

రాయి మీద పడి చచ్చినవాళ్ళ లెక్క కొంతైనా ఉంది. దుమ్ము మింగి చచ్చినవాళ్ళ లెక్క చాలాకాలం ఎవరూ రాయలేదు. పలుగురాయి దుమ్ము ఊపిరితిత్తుల్లో పేరుకుపోతే అక్కడ గాయాలై గట్టిపడిపోతాయి. దగ్గు, ఆయాసం, బరువు తగ్గడం, చివరికి నాలుగడుగులు వేయలేకపోవడం. దీని పేరు సిలికోసిస్. జబ్బు మనిషిని ఊరికి పంపించేస్తే ఊళ్ళో చచ్చిపోతాడు. కంపెనీ పుస్తకంలో చావు ఉండదు. ఊళ్ళో జనం "క్షయ" అనుకుంటారు, లేకపోతే "ఎవరో చేతబడి చేశారు" అనుకుంటారు.

1940 తర్వాత కోలారులో డాక్టర్లు 7,653 మందిని పరీక్ష చేశారు. నూటికి 43 మందికి పైగా సిలికోసిస్ ఉన్నట్టు తేలింది. తవ్వకం మొదలై అప్పటికి అరవై ఏళ్ళు. ఆ అరవై ఏళ్ళలో ఊరికి తిరిగొచ్చి దగ్గుతా దగ్గుతా చచ్చినవాళ్ళు ఎందరో మీరే ఊహించుకోండి.

ఇది పాత కథ అనుకోవద్దు. ఈ జూబ్లీహిల్స్ అంతా ఒకప్పుడు రాళ్ళ గుట్టలు. ఆ రాళ్ళు పగలగొట్టి, పునాదులు తవ్వి, బంగళాలు లేపింది పాలమూరు కూలీలు, వడ్డెర అన్నదమ్ములు. ఇవాళ కూడా గ్రానైటు కోసేవాళ్ళు, టైల్సు కోసేవాళ్ళు, క్రషర్ల దగ్గర పనిచేసేవాళ్ళు ఈ సభలో ఉన్నారు. అదే దుమ్ము, అదే జబ్బు. మీలో ఎవరికైనా ఆయాసం ఉంటే ఆసుపత్రికి పోయినప్పుడు "నేను ఇన్నేళ్ళు రాయి దుమ్ములో పనిచేశాను" అని డాక్టరుకు కచ్చితంగా చెప్పండి. చీటీ మీద రాయమని అడగండి. చెప్పకపోతే టీబీ మందులిచ్చి పంపేస్తారు. సిలికోసిస్ పని వల్ల వచ్చే జబ్బని చట్టం ఒప్పుకుంటుంది, దానికి నష్టపరిహారం అడిగే హక్కు ఉంది. ఆ హక్కు కాగితం మీద ఉండి లాభం లేదు, ఎక్స్‌రే, పని చేసిన రుజువు మన చేతిలో ఉండాలి.

1930: వేలిముద్ర వేయం అన్నారు

మనవాళ్ళు ఇదంతా నోరు మూసుకుని భరించారా? లేదు. 1930 ఏప్రిల్‌లో కంపెనీ ప్రతి కూలీ వేలిముద్రలు తీసుకుని రిజిస్టరు చేస్తామంది. వేలిముద్రలు తీసేది నేరస్తుల దగ్గర. "మేం దొంగలమా?" అని గని గని ఆగిపోయింది. వేలమంది, 21 రోజులు. యూనియన్ లేదు, బయటి నుంచి వచ్చి నడిపించిన పెద్ద నాయకుడు లేడు. చదువురాని కూలీలు, గుడిసెల్లో గింజలు అయిపోతా ఉన్నా నిలబడ్డారు.

మరుసటి నెల, అంటే 1930 మేలో, రంగూన్ రేవులో మన తెలుగు కూలీలు కూలి పెంచమని సమ్మె చేశారు. ఓడల కంపెనీలు బర్మా వాళ్ళను పనిలోకి తెచ్చాయి. సమ్మె తెగ్గానే వాళ్ళను పొమ్మన్నాయి. రెండు వైపులా ఆకలి కడుపులే. మే 26న వాళ్ళిద్దరి మధ్య కొట్లాట మొదలైంది. వందమందికి పైగా చచ్చిపోయారు, ఎక్కువ మంది మన తెలుగువాళ్ళు. ఓడ యజమానికి చిన్న దెబ్బ కూడా తగల్లేదు. కూలీని కూలీ మీదికి ఉసిగొల్పడం ఎంత పాత విద్యో చూడండి. పోయినేడు అంతకుముందేడు అని కాదు, ఎప్పుడు సమ్మె జరిగినా "మీరు రాకపోతే వేరేవాళ్ళను తెచ్చుకుంటాం" అనే మాట వస్తుంది. 2025 ఆగస్టులో తెలుగు సినిమా కార్మికులు కూలి పెంచమని రెండు వారాలకు పైగా షూటింగులు ఆపినప్పుడు ఆ మాట మీరూ విన్నారు.

కోలారు కూలీలు సమ్మెతోనే ఆగలేదు. చదువు పట్టుకున్నారు. పండిత అయోతీదాస్ 1898లో మద్రాసులో శాక్య బౌద్ధ సంఘం పెడితే, దాని శాఖలు మారికుప్పంలో, చాంపియన్ రీఫ్‌లో లేచాయి. 1907లో ఆయన మొదలుపెట్టిన వారపత్రిక వెల ఒక పైసా. ఆయన 1914లో పోయిన తర్వాత కోలారు వాళ్ళే ఆ పత్రికను కొన్నేళ్ళు మళ్ళీ నడిపారు, ఆయన పుస్తకాలు అచ్చేశారు. పగలు భూమి లోపల రాయి కొట్టినవాడు రాత్రి దీపం ముందు బుద్ధుడి గురించి చదివాడు. అదే కాలంలో ఇక్కడ హైదరాబాదులో భాగ్యరెడ్డివర్మ బుద్ధ జయంతి జరిపాడు, బడులు పెట్టాడు, 1917లో బెజవాడ సభకు అధ్యక్షుడిగా పోయి "మేం పంచములం కాదు, ఈ నేల మొదటి మనుషులం" అనే భావానికి ఆది ఆంధ్ర అనే పేరు నిలబెట్టాడు. బాబాసాహెబ్ అంబేద్కర్ వైస్రాయి కౌన్సిల్‌లో కార్మిక శాఖ చూసినప్పుడు 1943 డిసెంబరులో ధన్‌బాద్ బొగ్గు గనికి పోయి స్వయంగా లోపలికి దిగి చూశాడు. గని కూలీ ఎట్లా బతుకుతున్నాడో కాగితం మీద చదివితే చాలదని ఆయనకు తెలుసు.

తెర మీద ఎవరు? తెర వెనక ఎవరు?

ఇప్పుడు సినిమాకు వస్తాను. కేజీఎఫ్ అనే కన్నడ సినిమా 2018లో వచ్చింది. రెండో భాగం 2022 ఏప్రిల్ 14న వచ్చింది. ఏప్రిల్ 14 ఏ రోజో ఈ సభలో చెప్పనక్కర్లేదు. తెలుగులో కూడా కోట్లు వసూలు చేసింది. కోలారు సైనైడ్ దిబ్బల దగ్గరే షూటింగ్ చేశారు. బంగారం తీసి పారేసిన విషపు మట్టి దిబ్బలవి, గాలి లేస్తే ఆ దుమ్ము ఇప్పటికీ లైన్ల మీద పడుతుంది.

ఆ సినిమాలో గని కూలీలు బానిసలు. నోరు లేదు, పేరు లేదు. 1950ల తర్వాతి కథ అది. ఒక హీరో వచ్చి తుపాకి పట్టుకుని వాళ్ళను విడిపిస్తాడు, వాళ్ళు దండం పెడతారు. నిజంగా జరిగింది ఏమిటి? 1930లోనే ఏ హీరో లేకుండా గని ఆపినవాళ్ళు వాళ్ళు. 1946 సమ్మెలో పోలీసు తుపాకులకు ఎదురు నిలిచి ప్రాణాలిచ్చినవాళ్ళు వాళ్ళు. 1956లో గనులు సర్కారు చేతికి రావడం వెనక వాళ్ళ పోరాటాలూ ఉన్నాయి. 2001 ఫిబ్రవరి 28న గని మూసేశాక బాకీల కోసం, ఉంటున్న ఇంటి కోసం కోర్టుల చుట్టూ తిరిగినవాళ్ళూ వాళ్ళే. ఈ కథలో సినిమా లేదా? 2024లో తమిళం నుంచి తంగలాన్ వచ్చింది, తీసింది పా. రంజిత్. గని తవ్విన దళితులను కథ నడిపే మనుషులుగా చూపించింది. తెలుగు సినిమా 1938లోనే మాలపిల్ల తీసింది. మరి ఇన్నేళ్ళలో ఈ ఫిల్మ్‌నగర్ నుంచి రామగిరి కూలీ కథ ఎందుకు రాలేదు? రంగూన్ రేవు కూలీ కథ ఎందుకు రాలేదు?

ఎవరో తీస్తారని కూర్చుంటే రాదు. అందుకని నేను మూడు పనులు అడుగుతున్నాను.

ఒకటి. మీ మీ ఊళ్ళకు పండగకు పోయినప్పుడు ముసలివాళ్ళను అడగండి. కోలారు పోయినవాళ్ళు, బర్మా పోయినవాళ్ళు, బాంబాయి పోయినవాళ్ళు, సింగరేణి బాయి దిగినవాళ్ళు మన ఇంట్లో ఎవరు? పేరు, ఊరు, చేసిన పని, ఎట్లా చనిపోయారు, అంతా ఒక నోటుబుక్కులో రాయండి. రాయడం రానివాళ్ళు ఫోనులో మాట రికార్డు చేయండి. పిల్లల చేత రాయించండి, చదువు అట్లా కూడా వస్తుంది.

రెండు. బస్తీలో దుమ్ము పని చేసే ప్రతి మనిషి పేరు, ఎన్నేళ్ళు ఎక్కడ పనిచేశాడో ఒక రిజిస్టరు పెట్టండి. కంపెనీ పెట్టే రిజిస్టరు మనల్ని పట్టుకోడానికి. మనం పెట్టే రిజిస్టరు మన హక్కు పట్టుకోడానికి.

మూడు. షూటింగులో కులం పేరు పెట్టి పిలిచినా, బేటా కోసినా, ఆడపిల్లను అవమానించినా ఒక్కరే పోయి అడగొద్దు. పదిమంది కలిసి పోండి. లైట్‌బాయ్‌ది లైట్‌బాయ్‌కే, స్వీపర్‌ది స్వీపర్‌కే అని విడిపోతే రంగూన్ రేవులో జరిగిందే ఇక్కడా జరుగుతుంది. మాల అని, మాదిగ అని, వడ్డెర అని, బయటి రాష్ట్రం వాడని మనల్ని విడదీసేవాడికి మన చేతులతో కత్తి ఇవ్వొద్దు.

ఫిల్ము పోయింది, డిజిటల్ వచ్చింది, తెరలో వెండి లేదు. అయినా తెర మెరుస్తానే ఉంది. ఆ మెరుపు కింద పనిచేసే చేతులు మనవి. ఆ చేతులకు పేరు, కూలి, గౌరవం దక్కేదాకా ఈ మాట చెప్తానే ఉందాం. కోలారు కూలీ మూడు వారాలు గని ఆపాడు. మనం కనీసం వారానికొక సాయంత్రం ఇక్కడ కూర్చుని మాట్లాడుకోలేమా?

వచ్చే ఆదివారం నోటుబుక్కులతో రండి.

జై భీమ్!